రసీదు వెనుక సొమ్మున్నదా?

గత అర్ధసంవత్సర పరీక్షలు ముగిసిన నాడు పదవ తరగతి గదిలో ఒక చర్చ జరిగెను. ‘స్కామ్ 1992’ అను హిందీ ధారావాహికను కొందరు బాలురు తమ యిండ్లలో చూచియుండిరి. అందలి కథానాయకుని నడకను, మాటను, చిరునవ్వును వారు అనుకరించుచుండిరి. నేను గదిలోనికి పోగా ఒక బాలుడు లేచి, “సారూ, ఆయన చేసినది తప్పే గాని ఎంత తెలివి! ఒక్కడే బ్యాంకులన్నిటిని ఆడించినాడు” అనెను. వెనుక బల్లపై కూర్చున్న ఒక బాలిక వెంటనే, “ఒక్కడే అంతమందిని ఎట్లు మోసగించినాడు సారూ? బ్యాంకులలో లెక్కలు చూచేవారు లేరా?” అని అడిగెను. ఇంతలో గంట కొట్టిరి. ఆమె ప్రశ్నకు నేను ఆనాడు సరియైన సమాధానము చెప్పలేకపోతిని.

నేను తెలుగు చెప్పువాడను. వాణిజ్యశాస్త్రము నా విషయము కాదు. అయినను ఆ ప్రశ్న నన్ను విడువలేదు. ధారావాహికను మొదటినుండి తుదివరకు చూచితిని. ఆ కాలపు సంగతులను చదివితిని. తెలిసికొన్న దానిని విద్యార్థులకును, మన పత్రికను ఇంటివద్ద చదువు తల్లిదండ్రులకును అర్థమగునట్లు ఇచ్చట వ్రాయుచున్నాను.

ఈ ధారావాహిక 2020 అక్టోబరు 9వ తేదీన సోనీ లివ్ అను వేదికపై వెలువడినది. ఇందు పది భాగములు కలవు. దర్శకుడు హన్సల్ మెహతా. దలాలు హర్షద్ మెహతా పాత్రను ప్రతీక్ గాంధీయు, పాత్రికేయురాలు సుచేతా దలాల్ పాత్రను శ్రేయా ధన్వంతరియు ధరించిరి. సుచేతా దలాల్, దేబాశీష్ బసు అనువారు కలసి వ్రాసి 1993లో ప్రకటించిన గ్రంథము దీనికి ఆధారము. కథ జరిగినది మన నగరముననే. దీనిని 1995 వరకు బొంబాయి అనుచుండిరి.

లోకలు బండిలో చర్చిగేటు దిగి కోట ప్రాంతమునకు నడచినచో దలాల్ స్ట్రీట్ అను ఇరుకు వీధి వచ్చును. 1875లో ఏర్పడిన బొంబాయి స్టాకు ఎక్స్ఛేంజి అచ్చటనే యున్నది. మన తాతలు పాలమూరు, కరీంనగరు, నల్లగొండ సీమలనుండి వచ్చి ఈ నగరమున మేడలు కట్టిరి. మిల్లులలో మగ్గములు నడపిరి. వారికిని ఆ వీధికిని సంబంధమేమి యని తోచవచ్చును. సంబంధము కలదు. ఆ వీధిలో 1992లో ఆడిన సొమ్ములో అధిక భాగము ధనవంతులది కాదు, బ్యాంకులది. బ్యాంకుల సొమ్మనగా అందు పొదుపు చేసికొన్న సామాన్యుల సొమ్మే గదా!

వాటా యనగా నేమి?

ఒక కర్మాగారము పెట్టుటకు కోటి రూపాయలు కావలెననుకొందము. ఒక్కనివద్ద అంత ధనము లేదు. అప్పుడు దానిని లక్ష భాగములుగా విభజించి, ఒక్కొక్క భాగమును నూరు రూపాయలకు ప్రజలకు అమ్ముదురు. ఆ భాగమునే వాటా లేక షేరు అందురు. వాటా కొన్నవాడు ఆ కర్మాగారమున అంతమేరకు యజమానియగును. లాభము వచ్చినచో అతనికి పాలు వచ్చును. నష్టము వచ్చినచో వాటా విలువ తగ్గును. వాటాను మఱియొకనికి అమ్ముకొను హక్కు అతనికి కలదు. అట్టి క్రయవిక్రయములు జరుగు అంగడియే స్టాకు ఎక్స్ఛేంజి. అచ్చట ఇతరుల తరఫున కొనుచు అమ్ముచు రుసుము తీసికొనువాడు దలాలు.

ధరలు పెరుగు కాలమును తేజీ యనియు, తగ్గు కాలమును మందీ యనియు వర్తకులు చెప్పుదురు. తేజీ వచ్చునని నమ్మి కొనువానికి ఇంగ్లీషువారు ఎద్దు పేరు పెట్టిరి. హర్షద్ మెహతాను ‘బిగ్ బుల్’ అని పిలుచుటకు ఇదియే కారణము. బజారు మొత్తము ఎట్లున్నదో తెలిసికొనుటకు ముప్పది పెద్ద సంస్థల ధరలనుండి ఒక సూచిక కట్టుదురు. దాని పేరు సెన్సెక్సు.

బ్యాంకులు కొను ఋణపత్రములు

ప్రజలనుండి తీసికొన్న డిపాజిట్లనన్నిటిని బ్యాంకు తన యిష్టము వచ్చినట్లు అప్పులివ్వరాదు. అందు కొంత భాగమును ప్రభుత్వ ఋణపత్రములలో ఉంచవలెనని చట్టము. ప్రభుత్వము తాను తీసికొన్న అప్పునకు ఇచ్చు పత్రమే ఋణపత్రము. 1992 ప్రాంతమున ఈ భాగము నూటికి 38.5 వంతు ఉండెను. అనగా ప్రతి బ్యాంకు వద్దను వేల కోట్ల రూపాయల ఋణపత్రములుండెడివి.

ఒక్కొక్క దినమున ఒక బ్యాంకునకు నగదు చాలదు. మఱియొక బ్యాంకు వద్ద నగదు మిగిలియుండును. నగదు కావలసిన బ్యాంకు తన ఋణపత్రమును రెండవ బ్యాంకునకు అమ్మి, “పదునైదు దినముల తరువాత ఇంచుక హెచ్చు ధరకు మరల నేనే కొందును” అని మాట యిచ్చును. చూచుటకు ఇది అమ్మకము. నిజమునకు ఇది కుదువపెట్టి తీసికొన్న చేబదులు. ఇందు తప్పేమియు లేదు. కాని ఏ బ్యాంకు వద్ద నగదు కలదు, ఏ బ్యాంకునకు కావలెను అను సంగతి తెలిసినవాడు దలాలు. అందుచేత అతడు నడుమ నిలిచెను.

రసీదు మాయ

ఇచ్చట ఒక చిన్న ఉపమానము చెప్పెదను. ఒక ధాన్యపు వర్తకుడు మీకు నూరు బస్తాల బియ్యము అమ్మెను. “సరకు గోదాములో నున్నది, నాలుగు దినములలో పంపెదను” అని చీటి వ్రాసియిచ్చి మీ సొమ్ము తీసికొనెను. మీరా చీటిని నమ్మితిరి. మీకు సొమ్ము అవసరమైనప్పుడు ఆ చీటినే చూపి మఱియొకనివద్ద అప్పు తీసికొంటిరి. గోదాములో నిజముగా నూరు బస్తాలున్నంతవరకు ఎవ్వరికిని హాని లేదు. కాని వర్తకుడు ఆ నూరు బస్తాలకే నలుగురికి నాలుగు చీట్లు వ్రాసియిచ్చినచో నేమి? గోదామే లేనివాడు చీటి వ్రాసినచో నేమి? చీటిని పుచ్చుకొన్నవారిలో ఒక్కడైనను గోదాము తలుపు తీసి చూచువరకు మోసము బయటపడదు.

ఋణపత్రముల వ్యాపారమున జరిగినది సరిగా నిదియే. ఏ బ్యాంకునకు ఎన్ని ఋణపత్రములు కలవో రిజర్వు బ్యాంకులోని ఒక కార్యాలయమున లెడ్జరులలో చేతితో వ్రాయుచుండిరి. ఆ పని చాల ఆలస్యముగా జరుగుచుండెను. అంతవరకు ఆగలేక బ్యాంకులు ఒకదానికొకటి బ్యాంకు రసీదులను ఇచ్చుకొనుట మొదలుపెట్టెను. “మీకు అమ్మిన పత్రములు మా వద్ద భద్రముగా నున్నవి, తరువాత అప్పగించెదము” అని ఆ రసీదు యొక్క సారాంశము. క్రమక్రమముగా రసీదే అసలు వస్తువువలె చేతులు మారసాగెను.

కొన్ని చిన్న బ్యాంకులు తమ వద్ద పత్రములు లేకయే రసీదులిచ్చినవి. అందు రెండు పేర్లు చరిత్రలో నిలిచినవి: బ్యాంక్ ఆఫ్ కరాడ్, మెట్రోపాలిటన్ సహకార బ్యాంకు. దలాలులు ఆ రసీదులను పెద్ద బ్యాంకులకు చూపి కోట్ల రూపాయలు పొందిరి.

రెండవ లోపము చెక్కులలో నుండెను. సొమ్ము ఇచ్చు బ్యాంకు, పుచ్చుకొను బ్యాంకు పేరనే చెక్కు వ్రాయవలెను, అట్లే వ్రాసెను. కాని వాడుక పేరు చెప్పి ఆ చెక్కును దలాలు యొక్క సొంత ఖాతాలో జమ చేయుచుండిరి. ఒక బ్యాంకునుండి వెడలిన సొమ్ము రెండవ బ్యాంకును చేరకముందు కొన్ని దినములు దలాలు చేతిలో నుండెడిది. ఆ దినములలో అతడు దానితో వాటాలు కొనెను. గడువు వచ్చినప్పుడు మూడవ బ్యాంకు సొమ్ముతో మొదటి బ్యాంకు అప్పు తీర్చెను. ఒక గుంటను పూడ్చుటకు మఱియొక గుంటను త్రవ్వుట ఇది. ఎప్పుడో ఒకప్పుడు త్రవ్వుటకు నేల మిగులదు.

తేజీయు, పతనమును

హర్షద్ మెహతా 1954లో ఒక సామాన్య గుజరాతీ కుటుంబమున జన్మించెను. ఒక భీమా సంస్థలో చిన్న ఉద్యోగము చేసి, పిదప దలాలుల వద్ద పని నేర్చుకొని, తుదకు తానే పెద్ద దలాలు అయ్యెను. ఒక సంస్థ వాటాకు విలువ కట్టవలెనన్నచో దాని లాభమును చూడనక్కరలేదు, అట్టి కర్మాగారమును నేడు క్రొత్తగా కట్టుటకు ఎంత ఖర్చగునో చూడవలెను అని అతడు వాదించెడివాడు. వినుటకు ఇంపుగా నున్న ఆ వాదమును నమ్మి వేలమంది అతడు కొన్న వాటాలనే కొనిరి. కొన్ని వందల రూపాయల ధర గల ఏ.సి.సి. సిమెంటు సంస్థ వాటా 9,000 రూపాయల ప్రాంతమునకు ఎగబ్రాకెను. అంతలో సిమెంటు అమ్మకము అన్ని రెట్లు పెరిగినదా యని అడిగినవారు అరుదు.

1992 జనవరి మొదట సెన్సెక్సు 2,000 లోపున ఉండెను. ఏప్రిల్ 22న అది 4,467నకు చేరెను. మరునాడు, అనగా ఏప్రిల్ 23న, టైమ్స్ ఆఫ్ ఇండియా పత్రికలో సుచేతా దలాల్ వ్రాసిన వార్త వెలువడెను. ఋణపత్రముల లెక్కలో తేడా వచ్చినదనియు, సుమారు 500 కోట్ల రూపాయల లోటును సరిచేయుమని స్టేట్ బ్యాంకు ఒక దలాలును కోరినదనియు ఆ వార్త సారాంశము. అతడు స్టేట్ బ్యాంకునకు సొమ్ము కట్టెను. అయితే ఆ సొమ్ము మఱియొక ప్రభుత్వ సంస్థయైన నేషనల్ హౌసింగ్ బ్యాంకునుండి వచ్చినదని తరువాత తేలెను. గుంటకు గుంట!

ఏప్రిల్ 28న ఒక్క దినముననే సెన్సెక్సు 570 అంకెలు, అనగా నూటికి 12కు పైగా పడిపోయెను. సంవత్సరము తిరుగునప్పటికి శిఖరమునుండి సగమునకు పైగా తగ్గెను. హర్షద్ మెహతా 1992 జూన్‌లో నిర్బంధింపబడెను. 1999లో ప్రత్యేక న్యాయస్థానము మారుతీ సంస్థ నిధులకు సంబంధించిన కేసులో అతనికి ఐదేండ్ల శిక్ష విధించెను. అనేక కేసులు తేలకముందే, 2001 డిసెంబరు 31న, నిర్బంధములో నుండగా, 47వ యేట అతడు మరణించెను.

రిజర్వు బ్యాంకు నియమించిన జానకిరామన్ సంఘము ఈ వ్యవహారములలో చిక్కుకొన్న మొత్తము 4,024 కోట్ల రూపాయలని లెక్క కట్టెను. బ్యాంక్ ఆఫ్ కరాడ్ 1992లోనే మూతపడెను. కరాడు మన రాష్ట్రములో సతారా జిల్లాకు చెందిన ఊరు. తమ ఊరి బ్యాంకును నమ్మి సొమ్ము దాచుకొన్నవారు దలాల్ స్ట్రీట్‌ను కన్నులార చూచియుండరు. తేజీలో వచ్చిన లాభములో వారికి పాలు లేదు. మూతపడిన తలుపుల ముందు నిలిచిన దినమున దుఃఖము మాత్రము వారిది.

కావలివారు ఏమైరి?

ఇప్పుడు ఆ బాలిక ప్రశ్నకు వత్తము. లెక్కలు చూచువారు లేరా? ఉండిరి. ఒకరు గాదు, నలుగురుండిరి.

మొదటివారు బ్యాంకుల అధికారులు. రసీదు వచ్చినప్పుడు పత్రము ఎక్కడ అని అడుగవలసినవారు వారే. కాని ఈ వ్యాపారము వలన బ్యాంకునకు లాభము వచ్చుచుండెను. లాభము చూపిన అధికారికి మెప్పు వచ్చుచుండెను. కొందరు లంచమునకు లోబడిరి. ఎక్కువమంది అడుగక మిన్నకుండిరి. రెండవవారు బ్యాంకుల లెక్కల తనిఖీదారులు. వారు కాగితములు సరిగా నున్నవో లేవో చూచిరి గాని కాగితము వెనుక వస్తువున్నదో లేదో చూడలేదు. మూడవది రిజర్వు బ్యాంకు. అది 1991 జూలైలోనే బ్యాంకు రసీదుల విషయమున జాగ్రత్త వహింపవలెనని సర్క్యులరు పంపెను. కాని ఆజ్ఞ పంపుట వేరు, అది జరుగుచున్నదో లేదో చూచుట వేరు. నాలుగవది సెబి యను సంస్థ. వాటాల బజారును కాపాడుటకు దానిని 1988లోనే స్థాపించిరి. కాని చట్టము ద్వారా అధికారములు ఇచ్చినది 1992లో మాత్రమే. నాలుగేండ్లు ఆ కావలివానికి గుడిసె యుండెను గాని చేతిలో కఱ్ఱ లేకుండెను.

అదియునుగాక, ఋణపత్రములు రిజర్వు బ్యాంకు పాలు, వాటాలు సెబి పాలు. ఒక బజారు సొమ్ము రెండవ బజారులోనికి పోవు సందును కాచువారు లేకుండిరి. ఇరుగుపొరుగువారు నడిమి గోడను ఎదుటివాడు కాచునని నిద్రించినట్లు, ఒక్కొక్కరు రెండవవారు చూచుచున్నారని అనుకొనిరి. రామ్‌నివాస్ మిర్ధా అధ్యక్షతన నియమింపబడిన పార్లమెంటు సంయుక్త సంఘము 1993 డిసెంబరులో ఇచ్చిన నివేదికలో వ్యక్తులనే గాక పరిపాలన యంత్రాంగమునంతటిని తప్పుపట్టెను.

ఇట్లు వ్రాయుచుండగా నాకు నా తప్పొకటి జ్ఞప్తికి వచ్చినది. హైదరాబాదులో శిక్షణ ముగించుకొని నేను ఉద్యోగమున చేరిన మొదటి సంవత్సరము, గ్రంథాలయపు స్టాకు రిజిస్టరును నా ముందు పెట్టి సంతకము చేయుమనిరి. నాకు ముందు ముగ్గురు సంతకములు చేసియుండిరి. పెద్దలు చూచియేయుందురని నేనును చేసితిని. సంవత్సరాంతమున బీరువా తెరచి లెక్కింపగా నలుబదికి పైగా పుస్తకములు లేవు. అవి ఎప్పుడు పోయినవో ఎవ్వరును చెప్పలేకపోయిరి. ఏలయనగా మా నలుగురిలో ఒక్కడును బీరువా తెరచి చూడలేదు. నేను ఒక్క పుస్తకమును దొంగిలింపలేదు. అయినను దొంగకు నా సంతకము తోడ్పడినది. నాలుగువేల కోట్ల కథకును నలుబది పుస్తకముల కథకును మూలము ఒక్కటియే.

తరువాత వచ్చిన మార్పులు

కలిగిన నష్టము కొన్ని మంచి మార్పులకు దారితీసెను. సెబికి చట్టబలము కలిగినది. 1994లో నేషనల్ స్టాకు ఎక్స్ఛేంజిలో వ్యాపారము మొదలై, కేకలతో జరుగు బేరము స్థానమున కంప్యూటరు తెర వచ్చినది. ఏ ధరకు ఎవరు కొనిరో దాచుట కష్టమైనది. 1996నాటి డిపాజిటరీల చట్టముతో వాటా పత్రములు కాగితమునుండి కంప్యూటరు ఖాతాలలోనికి మారినవి. ఋణపత్రము చేతికి రానిదే సొమ్ము కదలని పద్ధతి ఏర్పడినది. 2023 జనవరి నాటికి వాటాల క్రయవిక్రయములన్నియు బేరము జరిగిన మరుసటి పనిదినముననే ముగియు ఏర్పాటు పూర్తియైనది. సొమ్మునకును వస్తువునకును నడుమ నున్న దినములే మోసగానికి పొలము. ఆ దినములు తగ్గినకొలది పంట తగ్గును.

అయినను చట్టము మారినంత మాత్రమున మనుష్యుని ఆశ మారదు. 2009 జనవరి 7న హైదరాబాదులోని సత్యం కంప్యూటర్స్ సంస్థ అధ్యక్షుడు రామలింగరాజు తమ లెక్కలు కల్పితములని స్వయముగా వ్రాసి తెలిపెను. పుస్తకములలో చూపిన నగదులో 5,040 కోట్ల రూపాయలు అసలే లేవు. బ్యాంకులలో డిపాజిట్లున్నట్లు చూపిన రసీదులు నకిలీవని దర్యాప్తులో తేలెను. తెలుగువారు గర్వముతో చెప్పుకొన్న సంస్థ అది. అచ్చటను ఏండ్ల తరబడి రసీదును చూచినవారే గాని ఆ సొమ్ము నిజముగా నున్నదా యని విచారించినవారు లేరు.

నాటకమును ఎట్లు చూడవలెను?

ధారావాహిక మంచి కళాఖండము. నటులందరును పాత్రలలో లీనమైరి. బ్యాంకు రసీదువంటి కఠిన విషయమును సామాన్యునకు తెలియునట్లు చెప్పుట చిన్న పని కాదు. పాత్రికేయురాలు కార్యాలయముల చుట్టు తిరిగి, ఒక్కొక్క లెక్కను సరిచూచుకొను ఘట్టములను విద్యార్థులు తప్పక గమనింపవలెను. ఆమెకు ధనబలము లేదు, అధికారము లేదు. “ఆ సొమ్ము ఎక్కడినుండి వచ్చినది?” అను ఒక్క ప్రశ్న మాత్రమున్నది. సుచేతా దలాల్‌కు 2006లో పద్మశ్రీ పురస్కారము లభించెను.

కాని నాటకమునకు ఒక స్వభావము కలదు. ఎవని కథను చెప్పునో వానిపై మనకు ప్రేమ పుట్టించును. పేదయింట పుట్టి పైకి వచ్చినవాడు, తమ్మునిపై మమత గలవాడు, మాటకారి — ఇట్టి వానిని తెరపై చూచుచు మనము వాని గెలుపును కోరుదుము. నష్టపోయిన డిపాజిట్‌దారుల ముఖములు తెరపై అంతసేపు కనబడవు. కావున చూచునప్పుడు తెరపై లేనివారిని మనము తలచుకొనవలెను. అట్లే ఋజువైన సంగతికిని ఆరోపణకును భేదము గుర్తింపవలెను. 1993 జూన్‌లో హర్షద్ మెహతా తాను ప్రధానమంత్రి పి.వి. నరసింహారావుగారికి కోటి రూపాయలు ఇచ్చితినని ప్రకటించెను. నరసింహారావుగారు దానిని ఖండించిరి. ఆ యారోపణ ఋజువు కాలేదు. తెరపై చూచినదంతయు తీర్పు కాదు.

“ఎంత తెలివి!” అనిన బాలునకు నేను చెప్పునది ఇంతే. నాయనా, అతనికి తెలివి యున్నమాట నిజము. కాని తెఱచియున్న తలుపులో ప్రవేశించుటకు గొప్ప తెలివి అక్కరలేదు. ఆ తలుపు తెఱచియున్నదని కనిపెట్టి పదిమందికి చెప్పుటకు కావలసిన తెలివి వేరు, ధైర్యము వేరు. ఆ రెండును పాత్రికేయురాలి వద్ద నుండెను.

మన యిండ్ల సంగతి

ఇదంతయు పెద్దల బజారు కథ, మనకేమి యని తల్లిదండ్రులు అనుకొనరాదు. నేడు దలాల్ స్ట్రీట్ ప్రతివాని చేతిలోని ఫోనులోనికి వచ్చినది. ఫ్యూచర్సు, ఆప్షన్సు అను పందెమువంటి వ్యాపారమున దిగినవారిని గూర్చి సెబి 2024 సెప్టెంబరులో ఒక పరిశీలన ప్రకటించెను. 2021-22 మొదలు మూడు ఆర్థిక సంవత్సరములలో అట్టి వ్యక్తులలో నూటికి 93 మంది నష్టపోయిరి. మొత్తము నష్టము 1.8 లక్షల కోట్ల రూపాయలకు మించెను. పదవ తరగతి బాలుడు “సాహసము చేసిన గాని ధనము రాదు” అని వల్లించునప్పుడు ఈ లెక్కను కూడ నేర్చుకొనవలెను.

గత సంవత్సరము మన విద్యార్థి తండ్రి యొకరు నా వద్దకు వచ్చి, చేతిసంచినుండి ఒక కాగితమును తీసి చూపెను. నెలకు నూటికి ఐదు రూపాయల వడ్డీ యిత్తునన్న యొకనికి ఆయన తన భిశీ సొమ్మంతయు ఇచ్చియుండెను. నాలుగు నెలలు వడ్డీ వచ్చెను. తరువాత ఆ మనిషి కనబడలేదు. “సారూ, దీనిలో ఏమి వ్రాసినారో చూడండి” అని ఆయన అడిగెను. కాగితముపై రంగుల ముద్రయు, అందమైన సంతకమును ఉండెను. ఇంగ్లీషులో నున్న ఆ పత్రమున, సొమ్ము తిరిగి యిత్తుమను మాట ఒక్కచోటనైనను లేదు. ఆయన కుమారుడు మన పాఠశాలలో ఇంగ్లీషు చక్కగా చదువు బాలుడు. కాని సంతకము చేయుటకు ముందు ఆ కాగితమును కుమారునిచేత చదివించుకొనవలెనని ఆయనకు తోచలేదు. చదివెదనని కుమారుడును అడుగలేదు.

మన యిండ్లకు వచ్చు కాగితములు తెలుగులో నుండవు. బ్యాంకు పత్రము ఇంగ్లీషులోనో హిందీలోనో, కచేరి పత్రము మరాఠీలోనో ఉండును. మన పెద్దలు చూపిన చోట సంతకము చేయుటకు అలవాటుపడిరి. ఇచ్చట మన విద్యార్థులు చేయదగిన గొప్ప పని కలదు. నాలుగు భాషలు నేర్చుట మీకు భారమని మీరు నాతో పలుమార్లు చెప్పితిరి. ఆ భారమే మీ యింటికి కావలి కాగలదు. ఇంటికి ఏ కాగితము వచ్చినను దానిని చదివి తల్లిదండ్రులకు తెలుగులో చెప్పుడు. సొమ్ము ఎవరికి పోవుచున్నది? దానికి బదులుగా మనకు వచ్చు వస్తువేమి? అది ఇప్పుడు ఎక్కడ నున్నది? తీసికొనువాడు సెబి వద్దనో రిజర్వు బ్యాంకు వద్దనో నమోదైనవాడా? అని అడుగుడు. జవాబు రానిచో సంతకము ఆపుడు. బ్యాంకు డిపాజిట్టునకు సైతము భీమా రక్షణ 2020 ఫిబ్రవరినుండి ఒక్కొక్క బ్యాంకులో ఒక్కొక్కరికి ఐదు లక్షల రూపాయల వరకు మాత్రమే యని తెలిసికొనుడు. ఏ నష్టమును లేకుండ అధిక లాభము ఇత్తునని పలుకువాడు దలాలైనను, బంధువైనను, మన కులమువాడైనను, మన తెలుగువాడైనను నమ్మదగినవాడు కాడు.

పెద్దలు కోపించుకొందురేమో యని పిల్లలు సంకోచింపరాదు. పిల్లలు అడిగినంత మాత్రమున గౌరవము తగ్గునని పెద్దలును భావింపరాదు. 1992లో వందలమంది పెద్దలు అడుగుటకు మొగమాటపడిన ప్రశ్ననే మన తరగతిలో ఒక బాలిక వెనుక బల్లనుండి అడిగినది. అమ్మా, నీ ప్రశ్నకు నా సమాధానము ఇది: లెక్కలు చూచువారుండిరి, వారు కాగితమును చూచి సంతకము చేసిరి గాని గోదాము తలుపు తీయలేదు. వచ్చే నెలలో గ్రంథాలయపు స్టాకు తనిఖీ జరుగును. ఈసారి నీవును, నీ తరగతివారును నాతో వచ్చి పుస్తకములను లెక్కింపవలెనని కోరుచున్నాను. లెక్క సరిపోయిన పిదపనే నేను సంతకము చేసెదను.